పాత సి ప్రోగ్రామింగ్ పుస్తకం ఇప్పుడు పనికొస్తుందా?

పనికొస్తుంది, లూపులు, అర్రేలు, పాయింటర్ల పాఠాలు ఇప్పటికీ అవే. మారింది కంపైలర్, అంటే మనం రాసిన కోడ్‌ని కంప్యూటర్ నడిపేలా మార్చే ప్రోగ్రాం. నల్గొండ, మహబూబ్‌నగర్ డిగ్రీ పిల్లలు సీనియర్ల దగ్గర తీసుకునే పాత పుస్తకం టర్బో సి (డాస్ కాలపు కంపైలర్) కోసం రాసిందైతే, లినక్స్‌లో వాడే జీసీసీ కంపైలర్‌లో కోనియో.హెచ్ (లినక్స్‌లో లేని డాస్ హెడర్ ఫైలు) లైను దగ్గరే ఎర్రర్ కొడుతుంది. ఆ లైనూ, క్లియర్‌స్క్రీన్, గెట్‌సీహెచ్ పిలుపులూ తీసేయండి. వాయిడ్ మెయిన్‌ని ఇంట్ మెయిన్ చేయండి. టైప్ చేసిన లైను చదివే గెట్స్ మాత్రం అస్సలు వాడొద్దు: అర్రే ఎంత చిన్నదైనా, టైప్ చేసిందంతా మెమరీలో రాసుకుంటూ పోతుంది. 2011 సి ప్రమాణంలో దాన్ని తీసేశారు. బదులుగా ఎఫ్‌గెట్స్ ఉంది.

కొన్నిచోట్ల జవాబు కూడా పుస్తకంలో ఉన్నట్టు రాదు. ఉదాహరణకి, ఇంట్‌లో (పూర్ణాంకాలు దాచే రకం) 32767కి 1 కలిపితే పుస్తకంలో -32768 అని ఉంటుంది, మీకేమో 32768 వస్తుంది. టర్బో సిలో ఇంట్‌కి 2 బైట్లు, ఇప్పుడు మామూలుగా 4. పుస్తకం తప్పేం కాదు.

ఎర్రర్ చూసి చాలామంది డాస్‌బాక్స్‌లో (పాత డాస్ ప్రోగ్రాంలు నడిపే సాఫ్ట్‌వేర్) టర్బో సి ఎక్కించుకోవాల్సిందే అనుకుంటారు. అక్కర్లేదు.