ఇంకా రాని ఆఫర్ మీద ఇంట్లో యుద్ధం

ప్రశ్న: మేము గుంటూరు నుంచి కెనడా వచ్చి ఏడేళ్లయింది. బ్రాంప్టన్‌లో ఉంటున్నాం. మావారు సాఫ్ట్‌వేర్, నేను ఫార్మసీలో అసిస్టెంట్‌ని. ఒక్కగానొక్క అబ్బాయికి పదిహేడో ఏడు, గ్రేడ్ 11 పూర్తి కావస్తోంది. స్కూల్ ఫుట్‌బాల్ టీమ్‌లో (సాకర్ కాదు, కోడిగుడ్డు ఆకారం బంతిని చేత్తో పట్టుకుని పరిగెత్తే ఆట) లైన్‌బ్యాకర్, అంటే ఎదుటి జట్టును అడ్డుకునేవాడు. అమెరికా వెళ్లి కాలేజీ ఫుట్‌బాల్ ఆడతానంటాడు. మావారు వాటర్‌లూ యూనివర్సిటీలో కంప్యూటర్ సైన్స్ తప్ప ఇంకో మాట వినరు. ఇద్దరూ మాట్లాడుకోవడం మానేశారు. ఏం కావాలన్నా నాతోనే చెప్పిస్తారు. ఒక ఏజెన్సీ వాళ్లు 4,000 డాలర్లు కడితే అమెరికా కోచ్‌లకు పరిచయం చేస్తామంటున్నారు. ఆ తర్వాత అక్కడ ఒక ఏడాది ప్రెప్ స్కూల్లో (కాలేజీకి సిద్ధం చేసే స్కూలు) చదివితే ఆఫర్ గ్యారంటీ అట. మావారికి తెలియకుండా నా గాజులు అమ్మి కట్టేద్దామా అనిపిస్తోంది. పోయిన అక్టోబర్‌లో ఆటలో తలకు దెబ్బ తగిలి వాడు రెండు రోజులు లైటు కేసి చూడలేకపోయాడు. నాన్నకీ కోచ్‌కీ చెప్పొద్దని బతిమాలితే చెప్పలేదు. ఊళ్లో మా అత్తగారేమో ఫోన్ చేసిన ప్రతిసారీ మనవడు ఏం చదవబోతున్నాడని అడుగుతున్నారు. నేను ఎవరి పక్షాన నిలబడాలి?
– ఒక తల్లి, బ్రాంప్టన్

సమాధానం: మీరు రెండు వాక్యాల్లో దాటేసిన అక్టోబర్ సంగతితోనే మొదలుపెడతాను. చదువా ఆటా అన్నది ఆ తర్వాత.

తలకు దెబ్బ తగిలాక రెండు రోజులు వెలుతురు చూడలేకపోవడం కంకషన్ (దెబ్బకు మెదడు అదిరిపోవడం) లక్షణాల్లో ఒకటి. అది కంకషనే అని ఇక్కడ కూర్చుని నేను తేల్చలేను. తేల్చాల్సింది డాక్టర్, ఆ డాక్టర్ దగ్గరికే మీవాడు వెళ్లలేదు. మొదటి దెబ్బ మానకముందే ఇంకోటి తగలడం చాలా ప్రమాదం. మీరుండే అంటారియోలో దీనికోసం 2018లో రోవన్స్ లా అని ఒక చట్టమే వచ్చింది. ఒట్టావాలో రోవన్ స్ట్రింగర్ అనే పదిహేడేళ్ల అమ్మాయి, స్కూల్ రగ్బీ టీమ్ కెప్టెన్, కొద్ది రోజుల వ్యవధిలో తలకు మళ్లీ మళ్లీ దెబ్బలు తగిలి 2013లో చనిపోయింది. తలనొప్పి సంగతి స్నేహితులకు మెసేజ్ పెట్టింది, ఫోన్లో కంకషన్ గురించి వెతుక్కుంది, ఇంట్లో మాత్రం చెప్పలేదు. ఆ చట్టం ప్రకారం కంకషన్ అనుమానం వస్తే పిల్లవాణ్ని వెంటనే ఆట నుంచి తప్పించాలి. డాక్టరో నర్స్ ప్రాక్టీషనరో సరేనన్నాకే మళ్లీ పూర్తిగా ఆడనివ్వాలి. సీజన్ మొదట్లో స్కూలు పంపిన కాగితాల్లో ఇది ఉండే ఉంటుంది. మీరు సంతకమూ పెట్టే ఉంటారు.

మిమ్మల్ని తప్పుబట్టడానికి ఇదంతా చెప్పడం లేదు. కొడుకు ఏడుపు మొహంతో బతిమాలితే అమ్మకు నోరు పెగలదు. కానీ ఇప్పటికైనా ఆ దాపరికం మీ ఇంట్లోంచి పోవాలి. ముందు వాడితో ఒంటరిగా మాట్లాడండి. "నేనిక దీన్ని దాచలేను నాన్నా. నువ్వు చెప్తావా, నన్ను చెప్పమంటావా? నువ్వే చెప్తే నీ పక్కన కూర్చుంటాను" అనండి. వాడే చెప్పడం మేలు. అంతకుముందే మీవారి దగ్గర ఒక మాట తీసుకోండి: "వాడు ఒక విషయం చెప్పబోతున్నాడు. ఈ రాత్రికి ఆట మానెయ్ అనే మాట ఎత్తకండి, ముందు డాక్టర్‌కి చూపిద్దాం." ఆయన "నేను ముందే చెప్పానా" అంటారు. అననివ్వండి. భయపడ్డ తండ్రి నోట ముందు వచ్చే మాట అదే.

ఫ్యామిలీ డాక్టర్ దగ్గరికి ముగ్గురూ వెళ్లండి. నెలలు గడిచాయి కాబట్టి ఇప్పుడు బాగానే ఉన్నాడని తేలవచ్చు. అయినా ఆ దెబ్బ రికార్డులోకి ఎక్కాలి. రేపు అమెరికా కాలేజీలో చేరినా, ఆడనిచ్చే ముందు వైద్య పరీక్షలో పాత కంకషన్లు ఉన్నాయా అని అడుగుతారు. అక్కడ అబద్ధం రాసి మొదలుపెట్టకూడదు. ఒకవేళ డాక్టరే ఈ ఆట వద్దంటే ఇక కింద నేను రాసినదేదీ మీకు అక్కర్లేదు.

సరే, డాక్టర్ పర్లేదన్నారనుకుందాం. అప్పుడు నా ప్రశ్న ఒకటుంది. మీవాణ్ని ఇంతకీ ఏ కాలేజీ పిలిచింది? మీ ఉత్తరంలో ఒక్క కాలేజీ పేరూ లేదు. ఏ కోచైనా ఫోన్ చేశాడనీ లేదు. ఆలు లేదు చూలు లేదు కొడుకు పేరు సోమలింగం అన్నట్టు, రాని ఆఫర్ మీద తండ్రీకొడుకులు మాటలు మానేశారు. ఆయన వివరం తెలుసుకోకుండా వద్దంటున్నారు, వీడు వివరం తెలుసుకోకుండా వెళ్తానంటున్నాడు. నడుమ మీరు పోస్ట్‌మ్యాన్ ఉద్యోగం చేస్తున్నారు. ఎవరి పక్షం అని అడిగారు. ఎవరి పక్షమూ కాదు, ముందు ఆ ఉద్యోగం మానండి. "ఆయన్నే అడుగు", "వాడికే చెప్పండి" అని వారం రోజులు విసుగు లేకుండా అంటూ ఉండండి. ఇల్లు కాస్త ఇబ్బందిగా ఉంటుంది, ఉండనివ్వండి.

ఇక అసలు విషయం. అమెరికా కాలేజీ ఫుట్‌బాల్ అంటే అంతా ఒకటే కాదు. అక్కడ కాలేజీ ఆటలు నడిపే సంఘం ఎన్‌సీఏఏలో మూడు డివిజన్లున్నాయి. టీవీలో లక్ష మంది కూర్చున్న స్టేడియాలు కనిపించేది డివిజన్ 1 పైమెట్టులో. డివిజన్ 2లో స్కాలర్‌షిప్ ఎక్కువగా పాక్షికం. డివిజన్ 3లో ఆటకు స్కాలర్‌షిప్పే లేదు. హార్వర్డ్, ప్రిన్స్‌టన్ లాంటి ఐవీ లీగ్ కాలేజీలు డివిజన్ 1లోనే ఉన్నా ఆట పేరుతో డబ్బివ్వవు, కుటుంబ ఆదాయం చూసి సాయం చేస్తాయి. కాబట్టి "అమెరికా నుంచి ఆఫర్" అని ఎవరన్నా మొదట అడగాల్సింది ఏ డివిజన్, ఎన్ని డాలర్లు, ఎన్నేళ్లకు అని. "ప్రిఫర్డ్ వాకాన్" అంటే జట్టులో చోటిస్తారు, ఫీజు మీరే కట్టుకోవాలి. కోచ్ నోటిమాటగా ఇచ్చే ఆఫర్‌కు ఎవరూ కట్టుబడి ఉండక్కర్లేదు. సంతకాలయ్యేదాకా అది మాటే.

పోటీ కూడా ఈమధ్య మారిపోయింది. ఆటగాళ్లు ఒక కాలేజీ నుంచి ఇంకో కాలేజీకి సులువుగా మారే వీలు వచ్చాక, కోచ్‌లు హైస్కూల్ పిల్లల కంటే ఇప్పటికే కాలేజీలో ఆడి చూపించిన ఇరవై, ఇరవై ఒక్క ఏళ్ల వాళ్లనే ముందు చూస్తున్నారు. 2025 జూన్‌లో కోర్టు ఆమోదించిన ఒప్పందంతో, అందులో చేరిన డివిజన్ 1 కాలేజీలు జట్టులో 105 మందిని మించి ఉంచుకోకూడదు. ఫీజు కట్టుకుని జట్టులో నిలదొక్కుకునే చోట్లు అలా తగ్గిపోయాయి. అమెరికా హైస్కూల్ ఆటగాళ్లలోనే ఏదో ఒక ఎన్‌సీఏఏ జట్టుకు చేరేది నూటికి ఏడుగురికి కాస్త అటూ ఇటూ. కాలేజీ నుంచి అమెరికా ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌కు వెళ్లేది నూటికి ఇద్దరు కూడా కాదు. పైగా మీవాడు ఆడేది కెనడా ఆట: పన్నెండు మంది, మూడు డౌన్లు (బంతిని ముందుకు తీసుకెళ్లే ప్రయత్నాలు), వెడల్పు మైదానం. అమెరికాలో పదకొండు మంది, నాలుగు డౌన్లు, ఇరుకు మైదానం. అక్కడి కోచ్‌కు ఇక్కడి వీడియో ఒక్కటే సరిపోదు. కళ్లెదుట పరిగెత్తించి చూసుకోవాలనుకుంటాడు.

అయినా వెళ్లినవాళ్లు లేకపోలేదు. మీ బ్రాంప్టన్‌లో పెరిగిన జాన్ మెచీ అలబామాలో ఆడి 2022లో డ్రాఫ్ట్ అనే ఆటగాళ్ల ఎంపికలో రెండో రౌండ్‌లో ఎన్‌ఎఫ్‌ఎల్‌కు ఎంపికయ్యాడు. అల్బర్టా కుర్రాడు చూబా హబ్బర్డ్ 2019లో ఓక్లహోమా స్టేట్ తరఫున 2,094 గజాలు పరిగెత్తి అమెరికా మొత్తానికీ మొదట నిలిచాడు. మీవాడికి ఈ పేర్లు కంఠతా వచ్చి ఉంటాయి. మీవారికి తెలియాల్సిన పేర్లు వేరే ఉన్నాయి. ఆయన కలలుగనే వాటర్‌లూకే ఫుట్‌బాల్ జట్టుంది. అక్కడ ఆడిన ట్రే ఫోర్డ్ 2021లో కెనడా యూనివర్సిటీల ఉత్తమ ఆటగాడిగా హెక్ క్రైటన్ ట్రోఫీ అందుకుని, మరుసటి ఏడాది కెనడా ప్రొఫెషనల్ లీగ్ సీఎఫ్‌ఎల్‌కు మొదటి రౌండ్‌లోనే వెళ్లాడు. మాంట్రియల్ మెగిల్‌లో మెడిసిన్ చదువుతూనే ఆడిన లోరాన్ దువెర్నే-తార్దిఫ్‌ను 2014లో ఎన్‌ఎఫ్‌ఎల్ జట్టు కాన్సస్ సిటీ తీసుకుంది. ఆయన 2018లో డాక్టర్ పట్టా తీసుకున్నాడు, 2020లో ఎన్‌ఎఫ్‌ఎల్ ఫైనల్ సూపర్ బౌల్ గెలిచాడు. తెలుగు తండ్రికి ఇంతకంటే నచ్చే ఉదాహరణ నాకు దొరకలేదు! వీళ్లంతా అరుదైనవాళ్లే, మీవాడూ అంతటివాడవుతాడని కాదు. ఆట, చదువు ఒకే చోట ఇమడగలవనీ దానికి సరిహద్దు దాటి తీరాలన్న నియమం లేదనీ తండ్రీకొడుకులిద్దరూ చూడాలని.

ఏజెన్సీ సంగతి ఒక్క ముక్కలో: గ్యారంటీ అన్నవాడికి పైసా కట్టొద్దు. ఆ గ్యారంటీ ఇవ్వగలిగేది కాలేజీ కోచ్ ఒక్కడే. మీవాడు చేయాల్సింది వాడే చేసుకోవాలి. తన ఆట వీడియోలు హడల్ అనే సైట్‌లో పెట్టుకోవాలి, కోచ్‌లకు తనే ఈమెయిల్ రాయాలి, వేసవిలో అమెరికా యూనివర్సిటీలు పెట్టే క్యాంపుల్లో ఒకటి రెండింటికి వెళ్లి రావాలి. మీరు కూర్చుని ఆ ఈమెయిల్స్ రాసిపెట్టకండి. ప్రెప్ స్కూల్ మీద కూడా నాకు అంత నమ్మకం లేదు. డివిజన్ 1కు గ్రేడ్ 9 నుంచి నాలుగేళ్లలో 16 కోర్ కోర్సులు (ఇంగ్లిష్, మ్యాథ్స్, సైన్స్ లాంటి ముఖ్యమైన సబ్జెక్టులు) కావాలి, ఆ తర్వాత ఏడాదిలో ఒక్క కోర్సు మాత్రమే కలుపుకోనిస్తారు. మార్కులు బాగుచేసుకోవడానికి ఆ ఏడాది పెద్దగా అక్కరకు రాదు. గాజులు బీరువాలో ఉండనివ్వండి. మీవారికి తెలియకుండా ఇంకో పని అసలే వద్దు.

ఆ 16లో పది కోర్సులు గ్రేడ్ 12 మొదలయ్యేలోపే పూర్తి కావాలి. అందులో ఏడు ఇంగ్లిష్, మ్యాథ్స్, సైన్స్ అయ్యుండాలి. అంటే మీకు గడువు ఈ వేసవే. తేలికని తీసుకున్న కోర్సులు లెక్కలోకి రాకపోవచ్చు. స్కూల్ గైడెన్స్ కౌన్సెలర్ ముందు మార్కుల కాగితం పెట్టి ఈ వారమే లెక్క చూడండి. ఎన్‌సీఏఏ ఎలిజిబిలిటీ సెంటర్‌లో వాడి పేరు నమోదు చేయించాలి. గమనించారా, వాటర్‌లూకు కావాల్సిందీ అమెరికాకు కావాల్సిందీ ఈ ఏడాది మట్టుకు ఒకటే: మంచి మ్యాథ్స్, మంచి మార్కులు.

ఈ కాగితాల పని మీవారికి అప్పగించండి. కుటుంబాన్ని కెనడా తీసుకురావడానికి ఎన్ని ఫారాలు నింపి, ఎన్ని సర్టిఫికెట్లు పోగేసి ఉంటారో మీకు తెలుసు. కొడుకు ఆట ఆయనకు అర్థం కాకపోవచ్చు, ఫైలు మాత్రం ఆయనకు అర్థమైనంత బాగా మీ ఇంట్లో ఇంకెవరికీ అర్థం కాదు. "వెళ్లనివ్వండి" అని అడగకండి. "వీడు చెప్పేది నిజమో కాదో మీరే చూసి చెప్పండి" అని అడగండి. ముగ్గురూ కూర్చున్నప్పుడు ఆయన లెక్క చెప్పాలి, వాడు జవాబు చెప్పాలి. మీరు టీ పెట్టే నెపంతో లేచిపోకుండా అక్కడే ఉండాలి, మధ్యలో తీర్పులు మాత్రం ఇవ్వకూడదు.

ఆ ఫైల్లోనే ఇంకో కాగితం ఉండాలి. మీవాడి పాస్‌పోర్ట్ ఏ దేశానిదో మీరు రాయలేదు. కెనడా పౌరుడైతే అమెరికా చదువుకు వీసా స్టాంప్ అక్కర్లేదు, కాలేజీ ఇచ్చే ఐ-20 అనే పత్రంతో సరిహద్దులో ఎఫ్-1 (విద్యార్థి) హోదా ఇస్తారు. ఇంకా భారత పాస్‌పోర్టే ఉండి పీఆర్ (శాశ్వత నివాస హోదా) మీద ఉంటే అమెరికన్ కాన్సులేట్‌లో ఎఫ్-1 వీసా ఇంటర్వ్యూకు వెళ్లాలి. పైగా పీఆర్ నిలబడాలంటే ఐదేళ్లలో 730 రోజులు కెనడాలో ఉండాలి, అమెరికాలో చదివే రోజులు అందులోకి రావు. పౌరసత్వం తీసుకునే ఆలోచన మీకుంటే వాడికి పద్దెనిమిది నిండేలోపు కదలండి. తల్లో తండ్రో పౌరులైతే, లేదా మీతోపాటే దరఖాస్తు చేస్తే, మైనర్‌కు విడిగా కెనడాలో 1,095 రోజులు ఉన్న లెక్క చూపక్కర్లేదు. ఇక ఎన్‌ఐఎల్ (తమ పేరు, బొమ్మ వాడుకోనిచ్చి తీసుకునే డబ్బు) పేరుతో కాలేజీ ఆటగాళ్లు లక్షల డాలర్లు సంపాదిస్తున్నారని వాడి ఫ్రెండ్స్ చెబుతూ ఉంటారు. ఎఫ్-1 మీద ఉన్నవాళ్లకు పని చేసి సంపాదించడంపై గట్టి పరిమితులున్నాయి. ఆ డబ్బును ఇంటి లెక్కలో వేసుకోవద్దు.

తేదీలు మీకు అనుకూలంగానే ఉన్నాయి. ఫుట్‌బాల్‌కు తొలి సంతకాలు గ్రేడ్ 12 డిసెంబర్‌లో. అంటారియో యూనివర్సిటీలకు దరఖాస్తు జనవరి మధ్యలో. వాటర్‌లూ దరఖాస్తు ఎలాగూ వేయాలి, దానిమీద వాడు గొడవ పెట్టకూడదు. డిసెంబర్‌దాకా ప్రయత్నం చేయనివ్వాలి, దానిమీద ఆయన గొడవ పెట్టకూడదు. అప్పటికి ఎవరైనా ఫీజులో ఎంత భరిస్తారో కాగితం మీద రాసిస్తే, మిగతా ఖర్చు మీకు అప్పు లేకుండా సాధ్యమైతే, ఆ కాలేజీలో వాడికి కావాల్సిన డిగ్రీ ఉంటే, అప్పుడు మీవారూ నిజంగా ఆలోచించాలి. రాకపోతే వాడు కెనడాలోనే జట్టున్న యూనివర్సిటీలో చేరి ఆడుకోవచ్చు. కెనడా యూనివర్సిటీల్లో ఆటకు ఇచ్చే సాయం ట్యూషన్, తప్పనిసరి ఫీజులకే పరిమితం. నాలుగేళ్లు సొంత ఊరికి దగ్గర్లో ఉంటాడు కాబట్టి మిగతా ఖర్చు మీ చేతిలో ఉంటుంది.

మీ అత్తగారికి ఏం చెప్పాలంటే, "కంప్యూటర్ సైన్స్‌కు దరఖాస్తు పెడుతున్నాడు అత్తయ్యా, బాల్ కూడా ఆడుతున్నాడు" అనండి. రెండూ నిజమే. తల దెబ్బ సంగతి మాత్రం ఆమెకు ఇప్పుడే చెప్పకండి, గుంటూరు నుంచి రోజుకు నాలుగు ఫోన్లొస్తాయి.