లైన్ అంటే ఏమిటో కాదు, లైన్ అన్నది ఎవరో అడగండి

ప్రశ్న ఇది: “పోటీ పరీక్షకు చదువుతున్నాను. ‘లైన్’ అనే చిన్న మాటకు డిక్షనరీలో పేజీ నిండా అర్థాలున్నాయి. ఇవన్నీ గుర్తుపెట్టుకునే ఉపాయం ఏమైనా ఉందా?”

ఉపాయం లేదండీ, అవసరమూ లేదు. ఇలాంటి ప్రశ్న ఎక్కడ కనబడినా ఎవరో ఒకరు వచ్చి ఆక్స్‌ఫర్డ్ డిక్షనరీ లెక్కలు చెప్పి వెళ్తారు. 1989లో వచ్చిన రెండో కూర్పులో ‘సెట్’కు 430 అర్థాలున్నాయని, ఇప్పుడు తయారవుతున్న మూడో కూర్పులో ‘రన్’ అనే క్రియకే 645 తేలాయని, ఆ ఒక్క మాట మీద ఒక సంపాదకుడు తొమ్మిది నెలలు కూర్చున్నాడని. నిజమే, కాదనను. కానీ దానివల్ల మీకొచ్చే మార్కు ఒక్కటీ లేదు. ఆ 645 అర్థాలూ తెలిసిన మనిషి ఇంగ్లండులో కూడా ఉండడు, కావాలంటే రాసిస్తాను. ఎవరి పనికి కావలసిన నాలుగు వాళ్లకు తెలుస్తాయి, మిగతావాటి జోలికి ఎవరూ పోరు.

అందుకే లైన్ అంటే ఏమిటని బట్టీ పట్టొద్దు. ఆ మాట అన్నది ఎవరో చూడండి. ఆ మనిషి ఏ పనిలో ఉన్నాడో తెలిస్తే అర్థం దానంతటదే వస్తుంది. ఇది నాకు ఏ స్పోకెన్ ఇంగ్లిష్ క్లాసూ నేర్పలేదు, మా ఇంటి భోజనాల గది నేర్పింది.

మా నాన్న రైల్వేలో స్టేషన్ మాస్టర్‌గా చేసి రిటైరయ్యారు. ఎక్కువ కాలం గుంటూరు-మాచర్ల వైపు చిన్న చిన్న స్టేషన్లలో, సింగిల్ లైన్ మీద, అంటే రానూ పోనూ బండ్లన్నిటికీ ఒకటే పట్టా. మా ఆయన కరెంటు ఆఫీసులో ఏఈ, అంటే అసిస్టెంట్ ఇంజనీరు. పొద్దున లేస్తే ఇద్దరికీ ‘లైన్’ లేకుండా మాట సాగదు. ఇద్దరూ ఒకే మాట వాడుతున్నారు కాబట్టి ఒకే సంగతి అనుకుంటారని ఇంట్లో అందరం అనుకునేవాళ్లం.

పెళ్లయిన కొత్తలో ఒక వానాకాలం సాయంత్రం నాన్న మా ఇంటికొచ్చారు. బయట గాలివాన, ఊళ్లో సగానికి కరెంటు లేదు. మా ఆయన పొద్దుటినుంచీ ఫీడర్ల వెంట తిరిగి, తడిసి ముద్దయి వచ్చి, అప్పుడే స్నానానికి వెళ్లారు. హాల్లో ల్యాండ్‌ఫోన్ మోగింది. నేను పోపు పెడుతున్నాను, కదిలితే ఆవాలు మాడతాయి. నాన్న తీశారు.

అవతల లైన్‌మన్. మా ఆయనే ఎత్తారనుకున్నాడు. “సార్, చెట్టు కొమ్మ తీగల మీద పడింది. పోల్ ఎక్కాలి. లైన్ క్లియర్ ఇచ్చారా సార్?”

ఆ మాట వినగానే నాన్న గొంతు మారిపోయింది. రిటైరైన ముసలాయన పోయి నైట్ డ్యూటీ మాస్టర్ గారు వచ్చి కూర్చున్నారు.

“ముందు నీ ప్రైవేట్ నంబర్ చెప్పు.”

“ఏ నంబర్ సార్?”

“ప్రైవేట్ నంబర్. అది లేకుండా లైన్ క్లియర్ ఎవడిస్తాడు నీకు?”

“అది సబ్‌స్టేషన్‌లో ఉంటుందా సార్?”

“నీ దగ్గరే ఉండాలి, షీట్ తీసి చూడు. ఇంతకీ బండి ఎక్కడుంది?”

“ఇక్కడే ఉంది సార్, పోల్ పక్కన స్టాండ్ వేశాను.”

నాన్న రిసీవర్ మీద చెయ్యి అడ్డం పెట్టి, “ఇదే స్టేషనమ్మా? వీడెవడో బండికి స్టాండ్ వేశానంటున్నాడు” అన్నారు నాతో. ఈలోపు సంగతి చెవిన పడి మా ఆయన తువ్వాలు చుట్టుకుని, నెత్తిన సబ్బు నురగతోనే పరుగెత్తుకొచ్చి ఫోన్ అందుకున్నారు. “ఎక్కొద్దు. నేను సబ్‌స్టేషన్‌తో మాట్లాడి మళ్లీ చేస్తాను, అప్పటిదాకా తీగ దరిదాపులకు పోకండి” అని చెప్పి, అక్కడినుంచే ఇంకో ఫోన్ కలిపారు.

భోజనాల దగ్గర నాన్న ఊరుకోలేదు. “అల్లుడుగారూ, మీ దగ్గర లైన్ క్లియర్ అంటే ఏంటండీ?”

“ఆ లైన్లో కరెంటు తీసేశాం, ఇక మనిషి పనిచేసుకోవచ్చు అని మామయ్యగారూ.”

నాన్న చేతిలో ముద్ద చేతిలోనే ఆగింది. “మా దగ్గర లైన్ క్లియర్ ఇచ్చామంటే బండి వచ్చేస్తోందని. పట్టాల మీద పురుగు కూడా ఉండకూడదని!”

చూశారా? రెండు మాటలూ అవే, ఉద్యోగాలు రెండూ ప్రభుత్వానివే. ఒకచోట ‘ఇక వెళ్లి పట్టుకో’, ఇంకోచోట ‘ఇక అటు పోకు’. ఏ డిక్షనరీలో ఎన్నో నంబరు అర్థం చూస్తే ఇది తెలుస్తుంది?

ఆ రాత్రి పెరుగన్నం అయిపోయినా ఇద్దరూ లేవలేదు. నాన్న చెప్పిన వాటిలో నాకు బాగా నచ్చింది ఇది. డబుల్ లైన్ స్టేషన్లలో బ్లాక్ ఇన్‌స్ట్రుమెంట్ అనే పెట్టె ఉంటుంది. దాని మీద మూడు స్థితులు: లైన్ క్లోజ్డ్, లైన్ క్లియర్, ట్రెయిన్ ఆన్ లైన్. ఏ బండీ లేక దారి ఖాళీగా ఉన్నప్పుడు సూది ‘క్లియర్’ మీద ఉంటుందని కదా మనం అనుకుంటాం? కాదు, ‘క్లోజ్డ్’ మీద ఉంటుంది. వెనక స్టేషన్ వాళ్లు అడిగి, ముందు స్టేషన్ వాళ్లు ఒప్పుకుంటేనే అది క్లియర్. అంటే ఖాళీగా ఉన్నంత మాత్రాన సరిపోదు, ఒకరు మాటివ్వాలి. నాన్న పనిచేసిన సింగిల్ లైన్‌లో ఆ మాటకు సాక్ష్యంగా పెట్టెలోంచి లోహపు గుండు ఒకటి బయటికొచ్చేది. దాన్ని తోలు సంచిలో పెట్టి, పెద్ద రింగుకు తగిలించి డ్రైవరుకు అందించేవారు. గుండు చేతికి రానిదే డ్రైవరు కదిలేవాడు కాదు. ప్రైవేట్ నంబరంటే రెండంకెల సంఖ్య. ప్రతి స్టేషన్ దగ్గరా ఆ సంఖ్యలు వరస కలిపేసిన షీట్ ఉంటుంది, ఫోన్లో మాట ఇచ్చినప్పుడల్లా ఒకటి చెప్పి కొట్టేస్తారు. రేపు ‘నేననలేదు’ అనడానికి లేకుండా.

మా ఆయన తగ్గుతారా? కరెంటు వాళ్లు లైన్ క్లియర్‌ను కురచ చేసి ఎల్సీ అంటారు. సబ్‌స్టేషన్ రిజిస్టర్లో ఎవరు తీసుకున్నారు, ఎన్నింటికి తీసుకున్నారు అన్నీ రాస్తారు. ఎవరు తీసుకుంటే వాళ్లే ఎల్సీ రిటర్న్ చేయాలి, అప్పటిదాకా స్విచ్ ముట్టకూడదు. అంతటితో అయిపోదు. ఎవరో ఇంట్లో జనరేటర్ వేస్తే ఆ కరెంటు వెనక్కి తీగలోకి రావచ్చు. అందుకే ఎల్సీ ఉన్నా తీగలకు, కరెంటు వస్తే భూమిలోకి పోయేలా, ఎర్త్ రాడ్లు తగిలించాకే చెయ్యి పెట్టాలి.

ఇక్కడ నా కడుపుమంట ఒకటి చెప్పుకోవాలి. ‘ఎల్సీ తీసుకుని స్తంభమెక్కిన కార్మికుడు, అంతలోనే కరెంటు సరఫరా’ అన్న వార్త పేపర్లో లోపలి పేజీలో, చిన్న ముక్కగా ఎప్పుడు చూసినా ఉంటుంది. పోయేవాడు చాలాసార్లు కాంట్రాక్టు మనిషే. నాన్న అది చదివినప్పుడల్లా “గుండు లేకుండా బండి వదిలారు” అనేవారు. గాలివాన వచ్చిన గంటలోపు కరెంటు రాలేదని కస్టమర్ కేర్‌కు ఫోన్ చేసి తిట్టేవాళ్లు ఆ ముక్క కూడా చదివితే బాగుండును.

సరే, ప్రశ్నకొద్దాం. ఇన్ని అర్థాలు ఎక్కడినుంచి వచ్చాయంటే, మొదలు దారం. లాటిన్లో అవిసె మొక్కను లీనుమ్ అంటారు, ఆ నారతో చేసిన దారం లీనియా. అదే లైన్ అయింది. లినెన్ చీర ఆ కుటుంబమే, మీ జాకెట్టుకు టైలర్ వేసే లైనింగూ ఆ కుటుంబమే. ఒకప్పుడు లోపలి పొరకు వాడింది ఆ నారబట్టే కాబట్టి. గేలం దారం లైన్, బట్టలారేసే తాడు లైన్, గోడ వంకర పోకుండా మేస్త్రీ లాగి కట్టేదీ లైనే. దారం లాగితే గీత కనబడుతుంది, గీత వెంట మనుషులు నిలబడితే వరస, గీత వెంట బండి పోతే దారి. అక్కడినుంచి మీరే అల్లుకుపోవచ్చు.

ఒక్క ‘డెడ్‌లైన్’ మాత్రం వేరే దారిన వచ్చింది. అమెరికా అంతర్యుద్ధంలో, 1864లో, జార్జియా రాష్ట్రంలో ఆండర్సన్‌విల్ అనేచోట యుద్ధఖైదీల శిబిరం ఉండేది. చుట్టూ దుంగల గోడ, దానికి కొంచెం లోపలగా ఒక కర్ర కంచె. ఖైదీ ఆ కంచె దాటి గోడవైపు అడుగేస్తే కాపలావాళ్లు కాల్చేయొచ్చు. అదీ డెడ్‌లైన్. పత్రికల వాళ్లు దాన్ని గడువు అనే అర్థంలోకి తెచ్చింది ఇరవయ్యో శతాబ్దంలో. మా అబ్బాయి ఆఫీసు వాళ్లు శుక్రవారం రాత్రి పంపే డెడ్‌లైన్లు చూస్తే పాత అర్థమే ఇంకా నడుస్తోందనిపిస్తుంది.

అసలు లైన్‌ను మనం వాడుకున్నంతగా ఇంగ్లిషువాళ్లు వాడుకోలేదని నా గట్టి నమ్మకం. మా గుంటూరే తీసుకోండి. బ్రాడీపేటలో అడ్రసు చెప్పాలంటే “నాలుగు బై పద్నాలుగు” అంటాం. నాలుగో లైన్, పద్నాలుగో అడ్డరోడ్డు. అయిపోయింది, ఇంకో ముక్క అక్కర్లేదు. బోర్డుల మీద కొన్నిచోట్ల ‘లేన్’ అని రాశారు, కొందరు చదువుకున్నవాళ్లు అదే కరెక్టని వాదిస్తారు కూడా. రాసుకోనివ్వండి. ఆటో ఎక్కి లేన్ అని చూడండి, డ్రైవరు మీ మొహం చూస్తాడు.

పెళ్లిచూపుల్లో “అబ్బాయి ఏ లైన్లో ఉన్నాడు?” అంటే ఉద్యోగం. అదే అబ్బాయి గురించి పక్కింటివాళ్లు “ఎవరికో లైనేస్తున్నాడట” అంటే సంబంధం తప్పినట్టే. ఆఫీసులో “ఆయన్ని లూప్‌లైన్లో పడేశారు” అంటే పని లేని కుర్చీలో కూర్చోబెట్టారని. రైల్వేలో లూప్‌లైన్ అంటే వెనకొచ్చే ఎక్స్‌ప్రెస్ పోవడానికి ప్యాసింజర్ను పక్కన పెట్టే పట్టా. ఎంత అందంగా అతికిందో చూడండి. సినిమావాళ్లకు లైన్ అంటే రెండు ముక్కల్లో కథ. బౌలరుకు లైన్ అంటే బంతి వెళ్లే దిశ, ఎక్కడ పడిందన్నది లెంగ్త్. 1972 సిమ్లా ఒప్పందం తర్వాత కాశ్మీరులో నియంత్రణ రేఖగా మారిందీ ఒక లైనే, దాన్ని మాత్రం మన పేపర్లు శ్రద్ధగా తెలుగు చేశాయి.

ఇక ‘ఆన్‌లైన్’. ఇంగ్లిషులో ఇంటర్నెట్‌కు కలిసి ఉండటం. మన పల్లెల్లో పొలం ఆన్‌లైన్ ‘ఎక్కాలి’. మా అమ్మ తరఫున వచ్చిన ఎకరం చిల్లర ఇప్పటికీ ఎక్కలేదు. దస్తావేజు ఉంది, పన్ను రసీదులున్నాయి, పొలంలో మినుము ఉంది. “కానీ ఆన్‌లైన్లో లేదమ్మా” అంటాడు ఆఫీసులో కుర్రాడు, పొలమే లేనట్టు. ఎప్పుడు వెళ్లినా సర్వర్ డౌన్. ఈ అర్థం ఆక్స్‌ఫర్డ్ వాళ్లకు చేరిందో లేదో కానీ, చేరితే ఒక మెట్టు కింద ‘ఎక్కించడానికి అయ్యే ఖర్చు’ అని కూడా రాసుకోవాలి.

స్పోకెన్ ఇంగ్లిష్ సెంటర్లవాళ్లు ‘ఒక పదం, యాభై అర్థాలు’ అని రంగురంగుల చార్టులు అమ్ముతారు. కొనకండి. ఆ చార్టు చదివినవాడు పరీక్షలో ‘హోల్డ్ ది లైన్’ చూసి యాభైలో ఏదో ఒకటి పెడతాడు. వాక్యంలో టెలిఫోన్ ఆపరేటర్ ఉంటే ‘లైన్లో ఉండండి’. సైన్యం ఉంటే ‘వెనక్కి తగ్గొద్దు, ఉన్నచోటే నిలబడండి’. మనిషిని పట్టుకుంటే జవాబు దొరికింది.

నోట్‌బుక్ పెట్టుకోవాలనుకుంటే అక్షరక్రమంలో వద్దు. రైల్వే, కరెంటు, టైలరు, ఓడలు, సైన్యం, పత్రిక అని పేజీలు వేసుకుని కనబడినప్పుడల్లా రాసుకోండి. ఓడల పేజీలో ఒట్టి ‘ది లైన్’ అంటే భూమధ్యరేఖ అని రాసుకోవడం మర్చిపోకండి. పరుగుపందెం పేజీలో ‘టో ది లైన్’ రాయండి. కాలి వేళ్లు గీతకు ఆనించి నిలబడటం, అంటే చెప్పినట్టు వినడం. దీన్ని టీ, ఓ, ఈ అని రాయాలి. టీ, ఓ, డబ్ల్యూ అని రాస్తే తాడు కట్టి లాగడం అయిపోతుంది. స్పెల్లింగ్ ప్రశ్నల్లో ఈ జంట కనబడితే తొందరపడి టిక్ పెట్టకండి.