అడవుల నరికివేత అంటే ఏమిటి? దానివల్ల పర్యావరణానికి ఏం నష్టం?

చెట్లు కొట్టడం వేరు, అడవిని నరికివేయడం వేరు. కట్టెల కోసం కొన్ని చెట్లు కొట్టినా, మొదళ్ల నుంచి మళ్లీ చిగురిస్తే అది అడవే. ఆ నేలను పొలంగానో, గనిగానో, ప్లాట్లుగానో మార్చేస్తే దాన్నే అడవుల నరికివేత అంటాం.

మొదటి దెబ్బ మట్టికే. అడవిలో చినుకు ముందు ఆకు మీద, తర్వాత కింద మెత్తగా పరుచుకున్న ఎండుటాకుల మీద పడి నెమ్మదిగా ఇంకుతుంది. చెట్టు లేని చోట అదే చినుకు నేరుగా నేలను కొడుతుంది. పైమట్టి కొట్టుకుపోయి వాగు నీళ్లు ఎర్రగా పారతాయి, చెరువులో పూడిక చేరుతుంది, వేసవికి ఊటలు ఎండిపోతాయి. చెట్టు కాండంలో, వేళ్లలో దాచుకున్న కార్బన్, దాన్ని కాల్చినా కుళ్లినా మళ్లీ గాల్లోకే పోతుంది. ఆకులు వదిలే తేమ తగ్గి చుట్టుపక్కల వేడి పెరుగుతుంది. అమెజాన్‌లోనైతే అక్కడి వానలో కొంత భాగం ఆ అడవి వదిలిన తేమే.

మన దగ్గర 2025లో హైదరాబాద్‌లోని కంచ గచ్చిబౌలి గొడవ గుర్తుందిగా? 400 ఎకరాల్లో బుల్డోజర్లు దిగాయి, ఏప్రిల్ 3న సుప్రీంకోర్టు ఆపింది. రికార్డుల్లో అది అడవి కాదని ప్రభుత్వం వాదించింది. అక్కడి జింకలకు, నెమళ్లకు రికార్డులతో ఏం పని!

బదులుగా వేరేచోట మొక్కలు నాటుతాం అంటారు. నాటడం మంచిదే. కానీ వరసగా పెంచిన జామాయిల్ తోట అడవి కాదు. పొదలు, తీగలు, పుట్టలు, పక్షులు అందులో అంత తేలిగ్గా చేరవు.