చాక్లెట్‌ను మొదట్లో తాగేవారట, దాన్ని చేసే కోకో గింజలను డబ్బుగా వాడేవారట. నిజమేనా?

రెండూ నిజమే. చాక్లెట్‌ను వేల ఏళ్లు తాగారు. కొరుక్కు తినే బార్ వచ్చి ఇంకా రెండు వందల ఏళ్లు కాలేదు. ఇంగ్లండ్‌లో ఫ్రై కంపెనీ దాన్ని తయారుచేసింది 1847లో.

ఆ పాతకాలపు పానీయం ఎలా ఉంటుందో చూద్దామని ఒకసారి పులియబెట్టి ఎండబెట్టిన కోకో గింజలు తెప్పించాను. సంచి విప్పితే గుప్పున వెనిగర్ వాసన! సన్నని సెగ మీద వేయించి, గింజలు చిటపటమన్నాక గానీ చాక్లెట్ వాసన రాలేదు. పొట్టు తీసేసరికి వేళ్లు నొప్పిపుట్టాయి. రోట్లో నూరితే ముందు పొడి అయింది. ఇంకా నూరితే, చుక్క నీళ్లు పోయకుండానే నల్లగా నిగనిగలాడే ముద్దయింది. గింజలో దాదాపు సగం కొవ్వే మరి.

వేడినీళ్లలో కలిపితే ఆ కొవ్వు పైన తెట్టులా తేలింది. చక్కెర వేయలేదేమో, ఒక్క గుక్కకే ముఖం ముడుచుకుపోయింది. మధ్య అమెరికా ప్రాంతపు ప్రాచీన జాతి అయిన మాయా ప్రజలకు ఇందులో ప్రీతిపాత్రమైనది నురగ. అమెరికాలోని ప్రిన్స్‌టన్ మ్యూజియంలో ఉన్న ఒక మాయా పాత్ర మీద, ఒక స్త్రీ నిలబడి పానీయాన్ని ఎత్తు నుంచి మరో పాత్రలోకి పోస్తున్న బొమ్మ ఉంది. నేనూ అలాగే పోశాను. నాలుగు బుడగలు వచ్చాయి, మిగతాది నేల మీద పడింది.

ఇక డబ్బు సంగతి. గింజలను డబ్బుగా వాడిన అజ్టెక్‌లు ఒకప్పుడు మెక్సికోను ఏలారు. వాళ్ల రాజధాని ఉన్న ఎత్తైన ప్రాంతంలో కోకో చెట్టు పెరగదు. వేడి, తేమ ఉన్న దూరప్రాంతాల నుంచి కప్పంగా, వీపుల మీద మోయించి తెప్పించుకోవాలి. అందుకే గింజకు అంత విలువ. పొట్టులో మట్టి కూరి నకిలీ గింజలు చలామణి చేసినవాళ్లూ ఉన్నారు. పొట్టు చిట్లకుండా గింజ తీయడం ఎంత కష్టమో తెలిశాక ఆ దొంగల ఓపికకు దండం పెట్టాలనిపించింది!

నన్ను విసిగించిన ఆ కొవ్వే చివరికి కథ మార్చింది. 1828లో నెదర్లాండ్స్‌లో వాన్ హౌటెన్ కుటుంబం గింజల నుంచి కొవ్వు పిండే యంత్రానికి పేటెంటు తీసుకుంది. మిగిలిన పిప్పి నీళ్లలో తేలిగ్గా కలిసే పొడి అయింది. పిండిన కొవ్వునేమో నూరిన కోకోలో, చక్కెరతో పాటు అదనంగా కలిపితే అచ్చులో పోయడానికి వీలైంది. ఫ్రై బార్ అలా వచ్చిందే.

మీరూ చేసి చూస్తానంటే రోలును ముందే కాస్త వేడి చేసుకోండి. చల్లటి రోట్లో ముద్ద గడ్డకట్టుకుపోతుంది.