ఫైటర్ విమానాన్ని అస్థిరంగా ఎందుకు కడతారు?

ప్రశ్న: సార్, నమస్తే. నేను పరకాలలో ఇంటర్ సెకండియర్ ఎంపీసీ చదువుతున్నాను. మన దేశపు ఫైటర్ తేజస్‌ను కావాలనే అస్థిరంగా డిజైన్ చేశారని, కంప్యూటర్ లేకుండా పైలట్ దాన్ని నడపలేడని మా లెక్చరర్ చెప్పారు. అలా ఎందుకు కట్టాలి? కంప్యూటర్ ఆగిపోతే ఎలా? ఈఈఈ చదివినా ఈ పనిలోకి రావచ్చా?

జవాబు: అమ్మా, ముందు ఒక పని చెయ్యి. నోట్‌బుక్ కాగితంతో విమానం మడిచి, ముక్కుకు జెమ్ క్లిప్ పెట్టి విసురు. తిన్నగా పోతుంది. అదే క్లిప్‌ను వెనక పెట్టి విసిరితే ముక్కు పైకి లేచి, తడబడి పడిపోతుంది. హన్మకొండలో ఇంజనీరింగ్ పిల్లలకు పాఠం చెప్పేటప్పుడు, బోర్డు మీద సమీకరణం రాయకముందే వాళ్లతో ఇది చేయించేవాడిని.

బరువు ముందుంటే, గాలి కుదుపుకు ముక్కు లేచినా విమానం దానంతటదే సర్దుకుంటుంది. వెనక ఉంటే ఆ లేవడం ఇంకా పెరుగుతుంది. ప్రయాణికుల విమానానికి మొదటిదే మంచిది. ఫైటర్‌కు అదే అడ్డం. తేజస్‌లా తోకరెక్కలు లేని డెల్టా (త్రికోణపు రెక్కల) విమానం స్థిరంగా ఉంటే, ముక్కు ఎత్తడానికి రెక్క వెనక అంచున ఉండే ఎలివాన్లు అనే కదిలే పలకలను పైకి తిప్పి పట్టాలి. దాంతో గట్టి మలుపులో, లిఫ్ట్ (రెక్కలు విమానాన్ని పైకి మోసే బలం) బాగా అవసరమైన సమయంలోనే కొంత లిఫ్ట్ పోతుంది. బరువును వెనక్కి జరిపితే ఆ నష్టం తగ్గుతుంది. పైగా ధ్వని వేగం దాటాక లిఫ్ట్ కేంద్రం రెక్క వెడల్పులో (ముందు అంచు నుంచి వెనక అంచు వరకు) పావు వంతు దగ్గర నుంచి దాదాపు సగానికి వెనక్కి పోతుంది. ముందే స్థిరంగా ఉన్న విమానం అప్పుడు మొండికేస్తుంది. ఉత్పత్తిలోకి వచ్చిన ఫైటర్లలో ఈ దారి తొక్కిన మొదటిది ఎఫ్-16. దాని నమూనా 1974లో ఎగిరింది.

ఇక కంప్యూటర్ సంగతి. 1984లో ఎగిరిన అమెరికా ప్రయోగ విమానం ఎక్స్-29లో కంప్యూటర్లు సెకనుకు 40 సార్లు సరిదిద్దేవి. మనిషి చేతికి అంత వేగం ఎక్కడిది? అందుకే తేజస్‌లో నాలుగు కంప్యూటర్ చానెళ్లు ఒకే లెక్క చేస్తాయి. ఒకటి తేడాగా చెబితే మిగతావి దాన్ని పక్కన పెడతాయి.

నాకు మాత్రం కంప్యూటర్ ఆగిపోవడం కన్నా, అది చక్కగా పనిచేస్తూనే తప్పు సూత్రాన్ని పాటించడం ఎక్కువ టెన్షన్. 1989 ఫిబ్రవరిలో స్వీడన్ ఫైటర్ గ్రిపెన్ నమూనా దిగుతుండగా, పైలట్ సరిదిద్దే కొద్దీ ఊగిసలాట పెరిగి రన్‌వే దగ్గర కూలింది. పైలట్ బతికాడు. లోపం కంట్రోల్ సాఫ్ట్‌వేర్‌లో ఉంది.

తేజస్‌కు ఆ సూత్రాలు రాసినవాళ్లంటే నాకు అంత గౌరవం అందుకే. 1998 పోఖ్రాన్ పరీక్షల తర్వాత అమెరికా ఆంక్షలు పెట్టి, ఫ్లైట్ కంట్రోల్ పనిలో సహకారం ఆపేసింది. బెంగళూరులో మనవాళ్లు ఆ పని పూర్తి చేశారు. 2001 జనవరి 4న వింగ్ కమాండర్ రాజీవ్ కొఠియాల్ తేజస్‌ను మొదటిసారి ఎగరేసి క్షేమంగా దించారు.

ఈఈఈతో తప్పకుండా రావచ్చమ్మా. అందులో చెప్పే కంట్రోల్ సిస్టమ్స్ సబ్జెక్టే ఈ పనికి పునాది. ఈ ఏడు అవకలన సమీకరణాలను బట్టీ పట్టకు, అర్థం చేసుకో. మాత్రికలు ఫస్టియర్‌లో అయిపోయాయని వదిలెయ్యకు. విమానం ఊగిసలాట తగ్గుతుందా, పెరుగుతుందా అన్నది ఇంజనీర్లు తేల్చుకునేది ఆ లెక్కలతోనే.