లావుగా ఉన్నా ఫర్వాలేదనుకుంటే ఇక వాకింగ్, డైట్ ఎందుకు?

లావుగా ఉన్నా ఫర్వాలేదనుకుంటే ఇక వాకింగ్, డైట్ ఎందుకని మీరు అడిగారు. పాత జీన్స్ బీరువాలో దాచుకున్నానని, అది మళ్ళీ పట్టేదాకా కొత్తవి కొననని రాశారు కదా, అక్కడే నాకు నేను కనిపించాను.

నా ఎత్తు 5 అడుగుల 2 అంగుళాలు, అప్పటి బరువు 82 కేజీలు. పెళ్ళిళ్ళకి వెళ్తే "ఏంటే, ఇంకా లావయ్యావా?" అనే పలకరింపులు. ఆ కోపంతో అన్నం మానేసేదాన్ని. ఆరు కేజీలు తగ్గేది, ఎనిమిది పెరిగేది. పార్కుకి వెళ్దామంటే టీషర్టు పొట్ట మీద బిగిసిపోయేది, ఎవరైనా చూస్తారని ఇంట్లోనే ఉండిపోయేదాన్ని.

ఒకరోజు బ్లౌజు వదులు చేయించడానికి టైలర్ దగ్గరికి వెళ్తే, ఆవిడ లోపలి వైపు తిప్పి చూసి "కుట్లు విప్పడానికి ఇక గుడ్డ లేదమ్మా" అంది. ఇంటికొచ్చి ఏడ్చాను, అబద్ధం ఎందుకు. మర్నాడు వెళ్ళి ఉన్న కొలతలకే నాలుగు బ్లౌజులు, రెండు వదులు చుడీదార్లు కుట్టించుకున్నా. నవ్వకండి, నా వాకింగ్ మొదలైంది ఆ చుడీదార్లతోనే. ఊపిరాడే బట్టలుంటే నడవబుద్ధవుతుంది.

ఆ నెలలోనే హెచ్‌బీఏ1సీ, అదే మూడు నెలల సగటు షుగర్ చెప్పే టెస్ట్, 6.1 వచ్చింది. 5.7 నుంచి 6.4 దాకా ఉంటే షుగర్ గుమ్మంలో ఉన్నట్టే. డాక్టరమ్మ అన్నం మానమనలేదు. కంచంలో సగం కూరలు పెట్టుకుని, పప్పో గుడ్డో ఉండేలా చూసుకుని, అన్నం చివర్లో కలుపుకోమంది. రాత్రి భోజనం కాగానే 15 నిమిషాలు నడవమంది. నడిచేటప్పుడు కండరాలు రక్తంలోని షుగర్‌ని లాక్కుంటాయట. నాకు ఈ ఒక్క ముక్క బాగా ఎక్కింది. బరువు తగ్గినా తగ్గకపోయినా ఆ రాత్రి నడక ఆ రాత్రే పనిచేస్తుంది కదా! వెయింగ్ మెషీన్ అటకెక్కించేశా.

ఎనిమిది నెలలకి 5.6. బరువు 79, అదీ క్లినిక్‌లో చూస్తేనే తెలిసింది. నడుము మాత్రం డాక్టరమ్మ చెప్పిన 80 సెంటీమీటర్లకి ఇంకా చాలా దూరం. మా అత్తగారు "ఇంత నడిచినా ఏం తగ్గావే?" అంటూనే ఉంటారు. ఇప్పుడు ఆవిడ కూడా నాతోపాటు వీధి చివరిదాకా వస్తున్నారనుకోండి.

మీరు ఈ షుగర్ టెస్టు చేయించుకుని ఏడాది దాటితే ఈ వారమే వెళ్ళండి. ఆ జీన్స్ ఎవరికైనా ఇచ్చేయండి. నాది మా చెల్లి కూతురు పట్టుకెళ్ళింది, దానికి కుట్టినట్టే సరిపోయింది.