పాండా ఫైబర్ ప్రాజెక్టు మానేసి జావా నేర్చుకోవాలా?

గాజువాక నుంచి ఎమ్మెస్సీ ఫిజిక్స్ ఫైనలియర్ అమ్మాయి అడుగుతోంది, పోలరైజేషన్‌ని, అంటే వెలుగు తరంగం ఊగే దిక్కుని, చెదరకుండా మోసుకెళ్లే పోలరైజేషన్ మెయింటెయినింగ్ ఫైబర్ (పాండా అందులో ఒక రకం) మీద ప్రాజెక్టు చేస్తోందట, వైవాలో "న్యూమరికల్ అపర్చర్ పెంచితే పోలరైజేషన్ బాగా నిలుస్తుందా" అంటే అవునని చెప్పి చీవాట్లు తింది, ఇంట్లోనేమో అదంతా ఎందుకు జావా నేర్చుకో అంటున్నారట.

అమ్మా, ముందు ఆ తప్పు సంగతి చూద్దాం, చాలామంది అక్కడే పడతారు. న్యూమరికల్ అపర్చర్ అంటే ఫైబర్ ఎంత కోణం దాకా వెలుగుని లోపలికి రానిస్తుందో చెప్పే లెక్క, అంతే. వెలుగు నడిచే నడిమి గాజు, అంటే కోర్, వక్రీభవన గుణకం 1.450, దాని చుట్టూ ఉండే క్లాడింగ్‌ది 1.445 అనుకో, స్క్వేర్ల తేడాకి రూట్ కడితే 0.12, అంటే గాలిలోంచి ఫైబర్ నడిమి గీతకి అటో 7 ఇటో 7 డిగ్రీల లోపు. పోలరైజేషన్‌ని కాపాడేది వేరే. పాండాలో కోర్‌కి రెండు పక్కలా బోరాన్ కలిపిన గాజు కడ్డీలుంటాయి, ఫైబర్ చల్లారేటప్పుడు అవి చుట్టూ ఉన్న గాజు కన్నా ఎక్కువ ముడుచుకుంటాయి, దాంతో కోర్ ఒక దిక్కున లాగినట్టు ఉండిపోతుంది, ఆ దిక్కున ఊగే వెలుగు స్లో, దానికి అడ్డంగా ఊగేది ఫాస్ట్. వేగాలు అంత తేడాగా ఉంటే ఫైబర్ కాస్త వంగినా నొక్కుకున్నా వెలుగు ఒక అక్షం నుంచి ఇంకోదానికి జారదు. ఈ రెండు వెలుగుల మధ్య సరిగ్గా ఒక తరంగం తేడా వచ్చే దూరాన్ని బీట్ లెంగ్త్ అంటారు, 1550 నానోమీటర్ల తరంగదైర్ఘ్యం దగ్గర అది సుమారు 4 మిల్లీమీటర్లే. కానీ ఒక అక్షం మీదే సరిగ్గా పంపాలి, 45 డిగ్రీల్లో పంపావా, ప్రతి 4 మిల్లీమీటర్లకీ ఒక చుట్టు చొప్పున పోలరైజేషన్ రూపం మారుతూనే పోతుంది, ఫైబర్‌ని తిట్టి లాభం లేదు.

ఇక ఉద్యోగం. విశాఖలో క్యాంపస్‌కి వచ్చి దీనికోసం తీసుకునేవాళ్లు తక్కువే, అబద్ధం చెప్పను. కానీ ఓడల నావిగేషన్‌లో మలుపుల్ని కొలవడానికి వాడే ఫైబర్ జైరోలకి ఈ ఫైబరే చుడతారు, మనది నేవీ ఊరు, డీఆర్‌డీవో వారి నేవీ ల్యాబ్ ఎన్‌ఎస్‌టీఎల్ ఇక్కడే ఉంది, డీఆర్‌డీవో నోటిఫికేషన్లు చూస్తూ ఉండు. గేట్ రాసి కొచ్చిన్ యూనివర్సిటీ కుసాట్‌లోనో ఐఐటీ ఢిల్లీలోనో ఆప్టోఎలక్ట్రానిక్స్ ఎంటెక్ ట్రై చెయ్యి. జావా ఆదివారాలు నేర్చుకో, ఇంట్లో గొడవ తగ్గుతుంది.

అన్నిటికన్నా చేతిపని ముఖ్యం. వీధిలో స్తంభం కింద కూర్చుని బ్రాడ్‌బ్యాండ్ కుర్రాడు ఫైబర్ అతికిస్తాడు చూశావా, అలాంటి మెషీనే, కాకపోతే దీనికి రెండు ముక్కల్నీ తిప్పి కడ్డీలు ఎదురెదురుగా వచ్చాకే అతకాలి. ఈ వారమే ఒక ముక్క శుభ్రంగా కట్ చేసి మైక్రోస్కోప్ కింద పెట్టు, వెలుతురు సరిచేసినా పాండా కళ్లలా ఉండే ఆ కడ్డీలు రెండూ కనపడలేదంటే, ల్యాబ్‌లో నీకు అంటగట్టింది మామూలు ఫైబరేమో అడుగు.